నింద తొలగింది, జీతము మాటేమిటి?



ఒక ఆదివారము ఆరాధన ముగిసి జనము చెదిరిపోవుచుండగా, ఒక సహోదరి గుడి మెట్ల దగ్గర మమ్మును ఆపారు. కొత్తగూడెమునకు అవతల, అడవి అంచున ఉన్న ఊరు వారిది. చేతిలో ఒక ప్లాస్టిక్ సంచి, దాని నిండా కాగితములు. "అయ్యగారూ, మా ఆయన మీద పడ్డ నింద పోయింది, దేవునికి స్తోత్రం. కానీ పద్నాలుగు నెలల జీతం రాలేదు. అడగవచ్చునా, అడగకూడదా? మీరే చెప్పాలె" అన్నారు.

మెట్ల మీదనే కూర్చుండి ఆ కాగితములన్నియు చదివాము. ఆమె భర్త ఒక క్రైస్తవ సంస్థ నడుపు ఎయిడెడ్ బడిలో ఉపాధ్యాయుడు. పిల్లల పరీక్ష ఫీజు సొమ్ము వాడుకొన్నాడని ఎవరో ఫిర్యాదు చేశారు. మరునాడే సస్పెన్షను. మూడు నెలలు సగము జీతము ఇచ్చి, ఆ తర్వాత అదియు ఆపివేశారు. విచారణ సాగుచునే ఉన్నది. ఆమె మిరప కోతకు కూలికి వెళ్ళారు. కొత్తగూడెములో ఇంటర్ చదువుచున్న కుమార్తెను ఒక సంవత్సరము మాన్పించారు. కిరాణా కొట్టువాడు ఖాతా మూసివేశాడు. అంతకంటె బాధ ఏమనగా, సండే స్కూలు చెప్పుచున్న ఆయనను "కొన్నాళ్ళు విశ్రాంతి తీసుకోండి" అని పక్కన పెట్టారు. చివరకు ఫీజు రసీదులన్నియు ఆఫీసు బీరువాలోనే దొరికాయి. "ఆరోపణలు ఋజువు కానందున విధులలో చేరవచ్చును" అని మూడు పంక్తుల ఉత్తరము వచ్చింది. జీతము ఊసు అందులో లేదు. అడిగితే, "పని చేయలేదు కదా, జీతమెట్లా? ఉద్యోగము తిరిగి వచ్చింది, అది చాలదా?" అన్నారట.

ఈ నెల మా శీర్షికను ఆ సహోదరి ప్రశ్నకే కేటాయించుచున్నాము. ఆమె పేరు, బడి పేరు వ్రాయుట లేదు. మన సంఘములలో ఉపాధ్యాయులు, గుమాస్తాలు, వార్డెన్లు, వంటవారు, అటెండర్లు అనేకులున్నారు. బడులు నడిపించు పెద్దలును ఉన్నారు. ఈ మాట ఇరుపక్షములవారికి అవసరము.

సస్పెన్షను శిక్ష కాదు

ముందుగా ఒక సంగతి గ్రహించవలెను. సస్పెన్షను అనగా ఉద్యోగము పోవుట కాదు, నేరము ఋజువగుట కాదు. విచారణ జరుగునంతవరకు ఉద్యోగిని పనికి దూరముగా ఉంచుట మాత్రమే. యజమానికి, ఉద్యోగికి ఉన్న సంబంధము తెగిపోదు. అందుచేతనే ఆ కాలములో అతడు వేరొక ఉద్యోగము చేయరాదు. అందుచేతనే అతని ఇల్లు గడుచుటకు యజమాని కొంత సొమ్ము ఇయ్యవలెను. దీనినే జీవనభృతి అందురు. ఆఫీసులలో సబ్సిస్టెన్సు అలవెన్సు అని పిలుతురు.

ఈ భృతి దయాధర్మము కాదు. ఒకప్పుడు మహారాష్ట్రలో ఒక నియమము ఉండేది. క్రింది కోర్టులో శిక్షపడి అప్పీలులో ఉన్న సస్పెన్షను ఉద్యోగికి నెలకు ఒక్క రూపాయి నామమాత్రపు భృతి ఇస్తే చాలునని దాని భావము. 1983లో చంద్రభాన్ కేసులో సుప్రీంకోర్టు ఆ నియమమును కొట్టివేసింది. రూపాయితో ఏ కుటుంబము బ్రతుకును?

మనకు దగ్గర ప్రాంతపు సంగతి మరొకటి ఉన్నది. భద్రాచలము దాటి చింతూరు, కుంట, సుకుమా మీదుగా వెళ్ళితే జగదల్‌పూర్ వచ్చును. ఇప్పుడది ఛత్తీస్‌గఢ్‌లో ఉన్నది, అప్పుడు మధ్యప్రదేశ్. ఘనశ్యామ్ దాస్ శ్రీవాస్తవ అను ఫారెస్టు రేంజరు మీద అక్కడ విచారణ పెట్టారు. సస్పెన్షనులో ఆయన నివసించుచున్న రేవా పట్టణము అక్కడికి సుమారు 500 కిలోమీటర్లు. జీవనభృతి ఇవ్వలేదు. చేతిలో డబ్బు లేక ఆయన విచారణకు వెళ్ళలేకపోయారు. ఆయన లేకుండానే విచారణ నడిపి, ఉద్యోగము నుండి తొలగించారు. 1973లో సుప్రీంకోర్టు ఆ తొలగింపును రద్దు చేసింది. తిండికి, దారి ఖర్చునకు సొమ్ము ఇవ్వకుండా "వచ్చి నీ మాట చెప్పుకో" అనుట న్యాయమైన అవకాశము కాదని దాని తాత్పర్యము. అడవి పల్లెల నుండి జిల్లా ఆఫీసుకు రెండు బస్సులు మారి వచ్చు మనవారికి ఈ తీర్పులోని న్యాయము వేరుగా వివరించనక్కరలేదు.

ప్రభుత్వ బడులలో పనిచేయువారికి

ప్రభుత్వ, జిల్లా పరిషత్ పాఠశాలల వారికి, గిరిజన సంక్షేమ ఆశ్రమ పాఠశాలలలో పనిచేయు ప్రభుత్వ ఉద్యోగులకు ఫండమెంటల్ రూల్స్ అను నియమములు వర్తించును. ఇవి 1922 జనవరి 1 నుండి అమలులో ఉన్న పాత నియమములు. తర్వాత చాలమార్లు సవరింపబడినవి. వీటిలో రెండు నంబర్లు జ్ఞాపకముంచుకొంటే చాలును: 53, 54-బి.

53వ నియమము జీవనభృతిని గూర్చినది. సగము జీతపు సెలవులో ఉన్నవానికి ఎంత వచ్చునో అంత, దాని మీద కరువు భత్యము, భృతిగా ఇయ్యవలెను. కొంత కాలము గడచినను విచారణ ముగియకపోతే, ఆలస్యము ఎవరి వలన అని చూచెదరు. ఉద్యోగి వలన కాకపోతే భృతిని దానిలో సగము వరకు పెంచవచ్చును. ఉద్యోగి వలననైతే తగ్గించవచ్చును. వేరే ఉద్యోగముగాని వ్యాపారముగాని చేయుట లేదని ఉద్యోగి వ్రాసి ఇయ్యవలెను.

54-బి నియమము తిరిగి చేరిన తర్వాతి సంగతి. ఉద్యోగిని మరల చేర్చుకొను అధికారి రెండు విషయములు స్పష్టముగా వ్రాయవలెను. మొదటిది, సస్పెన్షను కాలమునకు ఎంత జీతము, ఎంత భత్యము ఇచ్చెదరు? రెండవది, ఆ కాలమును డ్యూటీగా లెక్కించెదరా, లేదా? సస్పెన్షను పూర్తిగా నిరాధారమని తేలితే పూర్తి జీతము, భత్యములు ఇచ్చి, ఆ కాలమంతయు డ్యూటీగా పరిగణించవలెను. అట్లు కాదని అధికారి తలంచితే, ఎంత ఇయ్యదలచాడో ముందు నోటీసు ఇచ్చి, ఉద్యోగి జవాబు చూచిన తర్వాతనే నిర్ణయించవలెను. ఏమియు వ్రాయకుండా విడిచిపెట్టుటకు వీలు లేదు.

లెక్క తేలికగా అర్థమగుటకు ఒక ఉదాహరణ చెప్పుదము. మూలవేతనము నెలకు 40,000 రూపాయలనుకొనుడి. సస్పెన్షను 14 నెలలు. మొత్తము 5,60,000. భృతిగా నెలకు 20,000 చొప్పున 2,80,000 ముట్టినదనుకొంటే, మిగిలిన 2,80,000 రావలెను. దానికి కరువు భత్యపు తేడా చేర్చవలెను. ఆ మధ్య పడవలసిన ఇంక్రిమెంటు పడవలెను. డ్యూటీగా లెక్కిస్తే ఆ నెలలు సర్వీసులో కలియును, రేపు పెన్షనులోను కలియును. కనుక "డ్యూటీగా పరిగణించడమైనది" అను చిన్న వాక్యము విలువ ఒక్క బకాయితో తీరునది కాదు.

విధవరాండ్రు తెలుసుకొనవలసిన సంగతి ఒకటి ఉన్నది. సస్పెన్షనులో ఉన్న ఉద్యోగి విచారణ ముగియక మునుపే మరణిస్తే, మరణ దినము వరకు ఆ కాలమును డ్యూటీగానే లెక్కించి, ఇచ్చిన భృతి పోను మిగిలిన పూర్తి జీతము కుటుంబమునకు ఇయ్యవలెనని అదే 54-బి చెప్పుచున్నది. "ఆయనే పోయారు, ఇక కేసేమిటి, డబ్బేమిటి" అని ఊరకుండరాదు.

ప్రైవేటు బడులు, సంఘముల బడులు

మన సహోదరి భర్త పనిచేయునది ఎయిడెడ్ బడి. ఇటువంటి ప్రైవేటు విద్యాసంస్థలకు 1982 నాటి ఆంధ్రప్రదేశ్ విద్యా చట్టము ఉన్నది. 2014లో తెలంగాణ ఏర్పడిన తర్వాత కూడ అది ఇక్కడ కొనసాగింది. దానిలో 79వ సెక్షను మన ప్రశ్నకు సూటియైన జవాబు.

విచారణ చేయకుండా, తన మాట చెప్పుకొను అవకాశమివ్వకుండా ఏ ఉపాధ్యాయుని గాని, ఇతర ఉద్యోగిని గాని తొలగింపరాదు. గట్టి ఆరోపణ మీద విచారణ తలపెట్టినప్పుడు తప్ప సస్పెండు చేయరాదు. ఆ సస్పెన్షను రెండు నెలలకు మించి నిలువదు. రెండు నెలలలో విచారణ ముగియకపోతే, విచారణ నడుచుచున్నను, ఆ ఉద్యోగి మరల ఉద్యోగములో చేరినట్లే భావించవలెను. ఉద్యోగి వలననే ఆలస్యమైతే మాత్రము, అధికారము గల అధికారి కారణములు వ్రాసి ఇంకొక రెండు నెలలకు మించకుండ పొడిగించవచ్చును.

ఆ సహోదరి కాగితములలో పొడిగింపు ఉత్తర్వు ఏదియు లేదు. పద్నాలుగు నెలలలో మొదటి రెండు నెలలు తీసివేస్తే, మిగిలిన పన్నెండు నెలలు చట్టము దృష్టిలో ఆయన ఉద్యోగములో ఉన్నట్లే. ఆ పన్నెండు నెలల జీతము ఆయన అడుగుట భిక్షమడుగుట కాదు.

"మాది మైనారిటీ సంస్థ, మాకు రాజ్యాంగములో 30వ అధికరణ రక్షణ ఉన్నది" అని కొందరు పెద్దలు అనవచ్చును. ఆ మాట ఎప్పుడో కోర్టునకు వెళ్ళింది. 1982 చట్టమునకు ముందు 1975లో ప్రైవేటు విద్యాసంస్థల నియంత్రణకు ఒక చట్టము వచ్చింది. అందులోను రెండు నెలల గడువు ఉండెను. హైదరాబాదులోని ఆల్ సెయింట్స్ హైస్కూలు, మరికొన్ని క్రైస్తవ సంస్థలు ఆ చట్టమును సుప్రీంకోర్టు వరకు ప్రశ్నించాయి. 1980లో తీర్పు వచ్చింది. ఉపాధ్యాయుని తొలగించుటకు ముందు ప్రభుత్వాధికారి అనుమతి పొందవలెనను నిబంధనలు మైనారిటీ సంస్థలకు చెల్లవని కోర్టు చెప్పింది. అయితే సస్పెన్షనును గూర్చిన నిబంధనలను, రెండు నెలల గడువుతో సహా, ప్రధాన న్యాయమూర్తి చంద్రచూడ్, మరియొక న్యాయమూర్తి సమర్థించారు. ముగ్గురిలో ఇద్దరి మాట గనుక అదియే నిలిచింది. సంస్థను నడుపుకొను హక్కు మనది. ఒక ఉపాధ్యాయుని నెలల తరబడి గాలిలో వ్రేలాడదీయు హక్కు మనది కాదు.

"పని చేయలేదు కదా?"

ఇక ఆ సహోదరికి ఎదురైన మాటకు వత్తుము. పని లేనిదే జీతము లేదు అను సూత్రము లోకములో ఉన్నది, నిజమే. అయితే అది ఎవరికి? పనికి రాకుండా తానే మానుకొన్నవానికి. గేటు దగ్గర నిలిచి "నేను వచ్చాను, పాఠము చెప్పెదను" అనువానిని లోనికి రానియ్యక, తర్వాత "నీవు పాఠము చెప్పలేదు" అనుట ఏమి న్యాయము? 1991లో జానకీరామన్ కేసులో సుప్రీంకోర్టు ఈ తేడానే చూపింది. విచారణ వలన ప్రమోషను ఆగిపోయి, తర్వాత పూర్తిగా నిర్దోషిగా తేలిన ఉద్యోగుల సంగతి అది. పని చేయుటకు సిద్ధముగా ఉన్నవానిని, అతని తప్పు లేకుండా, అధికారులే దూరము పెట్టినప్పుడు ఆ సూత్రము సాధారణముగా వర్తించదని చెప్పింది.

మన కొత్తగూడెము బొగ్గు గనుల పట్టణము. గనుల ఊరి సంగతే మరొకటి వినుడి. కోలారు బంగారు గనులలో కెప్టెన్ పాల్ ఆంటోని అను భద్రతాధికారి ఉండిరి. 1985లో ఆయన ఇంటిలో బంగారు ముద్ద, బంగారు రజను గల ఇసుక దొరికినవని పోలీసు కేసు పెట్టి, కంపెనీ సస్పెండు చేసింది. జీవనభృతి ఇవ్వలేదు. విచారణకు రాలేక ఆయన దూరముగా ఉండగానే 1986లో ఉద్యోగము తీసివేశారు. 1987లో క్రిమినల్ కోర్టు ఆ సోదాయే ఋజువు కాలేదని ఆయనను విడుదల చేసింది. రెండు చోట్ల సాక్ష్యము ఒక్కటే. అయినను కంపెనీ ఒప్పుకొనలేదు. చివరకు 1999 మార్చిలో సుప్రీంకోర్టు ఆయన పక్షమున తీర్పు చెప్పి, జీతపు బకాయిలతో సహా ఇప్పించింది. న్యాయము దొరికింది, కాని పద్నాలుగేండ్లు పట్టింది.

బడిపంతులమ్మ సంగతి ఇంకను మనకు దగ్గరిది. మహారాష్ట్రలో అప్పటి ఔరంగాబాదులో ఒక ట్రస్టు నడుపు ప్రాథమిక పాఠశాలలో దీపాలి సుర్వసే ఉపాధ్యాయిని. బడి భవనము పన్ను కట్టుటకు ఉపాధ్యాయులు నెలకు 1,500 రూపాయలు ఇయ్యవలెనని యాజమాన్యము అడిగింది. ఆమె ఒప్పుకొనలేదు. 2006లో సస్పెన్షను, 2007లో తొలగింపు. 2009లో స్కూల్ ట్రిబ్యునలు ఆ తొలగింపు చెల్లదని, పూర్తి జీతము ఇయ్యవలెనని చెప్పింది. హైకోర్టు ఉద్యోగము ఉంచి, జీతము తీసివేసింది. 2013 ఆగస్టు 12న సుప్రీంకోర్టు ఆ జీతమును తిరిగి నిలబెట్టింది. తప్పుగా తొలగింపబడినవారు మరల చేరునప్పుడు బకాయి జీతము ఇచ్చుట సాధారణ నియమమని చెప్పింది.

ఆ తీర్పులో మనవారు గట్టిగా పట్టుకొనవలసిన మాట ఒకటి ఉన్నది. "ఆ కాలములో నాకు వేరే ఉద్యోగము, సంపాదన లేవు" అని ఉద్యోగి మొదట వ్రాతపూర్వకముగా చెప్పవలెను. అట్లు చెప్పిన తర్వాత, కాదని ఋజువు చేయవలసిన భారము యజమాని మీద పడును. ఆ ఒక్క వాక్యము దరఖాస్తులో లేకపోతే మంచి కేసు కూడ బలహీనపడవచ్చును.

అన్ని విడుదలలును ఒకటి కావు

సత్యము పూర్తిగా చెప్పుట మా ధర్మము. విడుదలైన ప్రతివానికి పూర్తి జీతము వచ్చునని మేము చెప్పుట లేదు.

శాఖాపరమైన విచారణలో ఆరోపణ అబద్ధమని తేలినవాని హక్కు అందరికంటె బలమైనది. క్రిమినల్ కేసులో సాక్ష్యము చాలక సందేహ లాభముతో విడుదలైనవాని సంగతిలో అధికారి అన్ని పరిస్థితులు చూచి నిర్ణయించును. యజమానికి సంబంధము లేని నేరములో ఇరుక్కొని జైలుకు వెళ్ళినవాని మాట వేరు. గుజరాత్ విద్యుత్ బోర్డు ఉద్యోగి ఒకరు హత్య కేసులో శిక్షపడి, తర్వాత అప్పీలులో విడుదలయ్యారు. ఉద్యోగము తిరిగి వచ్చింది. కాని 1996లో సుప్రీంకోర్టు బకాయి జీతము ఇప్పించలేదు. ఆ కేసు పెట్టినది బోర్డు కాదు గదా అని కోర్టు తలంచింది.

చిన్న శిక్షతో విచారణ ముగిసినవారికి కూడ ఆశ ఉన్నది. కేంద్ర ప్రభుత్వము తన ఉద్యోగుల విషయములో 1985 డిసెంబరులో ఒక ఆదేశమిచ్చింది. పెద్ద శిక్ష కొరకు మొదలైన విచారణ చిన్న శిక్షతో ముగిస్తే, ఆ సస్పెన్షను నిరాధారమైనట్లే భావించి పూర్తి జీతము ఇయ్యవలెనని దాని సారము. ఇతరులకు అది నేరుగా వర్తించకపోయినను, దాని వెనుక ఉన్న న్యాయమును చూపి అడుగవచ్చును.

నోటీసులు తీసుకొనక తప్పించుకొనువాడు, విచారణకు వాయిదా మీద వాయిదా అడుగువాడు తన జీతమును తానే కోసికొనుచున్నాడు. ఆలస్యము తన వలన జరిగితే ఆ కాలపు జీతము తగ్గించుటకు నియమము ఒప్పుకొనుచున్నది. చాటున వేరొక చోట జీతమునకు పనిచేసి, "సంపాదన లేదు" అని వ్రాయుట చట్టము ముందు తప్పు, దేవుని ముందు అబద్ధము.

ఏమి చేయవలెను?

ఆ సహోదరికి మేము చెప్పిన సంగతులను వరుసగా ఇక్కడ వ్రాయుచున్నాము.

మొదటిది, కాగితము పోగొట్టుకొనరాదు. సస్పెన్షను ఉత్తర్వు, ఛార్జి మెమో, మీరిచ్చిన జవాబు, విచారణ నోటీసులు, చివరి ఉత్తర్వు, బ్యాంకు పుస్తకము: వీటన్నిటిని తారీఖుల వరుసలో ఒక ఫైలులో పెట్టుకొనుడి.

రెండవది, సస్పెన్షనులో ఉన్నప్పుడే ప్రతి నెల "నేను వేరే ఉద్యోగము చేయుట లేదు" అను పత్రము ఇచ్చి, రసీదు తీసుకొనుడి. తీసుకొననంటే స్పీడు పోస్టులో పంపుడి.

మూడవది, మరల చేరిన రోజుననే చేరిక రిపోర్టుతో పాటు జీతపు దరఖాస్తు ఇయ్యుడి. ఎక్కువ వ్రాయనక్కరలేదు. ఇట్లు వ్రాస్తే చాలును: "ఫలానా తేదీ నుండి ఫలానా తేదీ వరకు నేను సస్పెన్షనులో ఉన్నాను. ఫలానా తేదీ ఉత్తర్వులో నా మీది ఆరోపణలు ఋజువు కాలేదని తేల్చినారు. ఆ కాలములో నేను పని చేయుటకు సిద్ధముగా ఉన్నాను. నాకు వేరే ఉద్యోగము, సంపాదన లేవు. కనుక ఆ కాలమును డ్యూటీగా పరిగణించి, నాకు ముట్టిన భృతి పోను మిగిలిన జీతము, భత్యములు, ఇంక్రిమెంట్లు ఇప్పించి, సర్వీసు రిజిస్టరులో నమోదు చేయించ ప్రార్థన." ప్రైవేటు బడివారైతే 79వ సెక్షను రెండు నెలల గడువు మాట ఒక వాక్యము చేర్చుడి. సంతకము చేసి, నకలు మీద ఆఫీసు ముద్ర వేయించుకొనుడి.

నాలుగవది, జవాబు రాకపోతే కరస్పాండెంటుకు జ్ఞాపకపు ఉత్తరము, నకలు జిల్లా విద్యాశాఖాధికారికి. అప్పటికి కాకపోతే న్యాయవాదిని చూడవలెను. సంవత్సరములు గడచిన కొలది బకాయి అడుగు బలము తగ్గిపోవును.

అయిదవది, లాయరు ఫీజునకు భయపడవద్దు. 1987 నాటి న్యాయ సేవల చట్టము క్రింద స్త్రీలకు, షెడ్యూల్డు కులములు, తెగలవారికి ఆదాయముతో పని లేకుండ ఉచిత న్యాయ సహాయము దొరుకును. మన కోయ, లంబాడీ విశ్వాసులు జ్ఞాపకముంచుకొనుడి: షెడ్యూల్డు తెగ హక్కు మతము మారినంత మాత్రమున పోదు. తక్కిన వారికి ఆదాయ పరిమితి ఉన్నది. కోర్టు ఆవరణలోని న్యాయ సేవల సంస్థలో అడిగితే చెప్పెదరు.

విశ్వాసి అడుగవచ్చునా?

"కోర్టులు, దరఖాస్తులు మనకెందుకు? నింద పోయింది, దేవుడు చూచుకొనును" అని సంఘములో కొందరు ఆ కుటుంబమునకు సలహా ఇచ్చారట. సదుద్దేశముతోనే అని యుందురు. అయితే అపొస్తలుల కార్యములు పదునారవ అధ్యాయము ఒకసారి తీసి చదువుడి. ఫిలిప్పీలో పౌలును, సీలను విచారణ లేకుండా బహిరంగముగా కొట్టి చెరసాలలో వేశారు. మరునాడు అధికారులు వారిని చప్పుడు లేకుండ పంపివేయదలచారు. పౌలు ఒప్పుకొనలేదు. అవమానము అందరి యెదుట జరిగింది గనుక, ఆ అధికారులే స్వయముగా వచ్చి తమను బయటికి తీసుకొని వెళ్ళవలెనని కోరాడు. పగ తీర్చుకొనుటకు కాదు. వెనుక మిగిలిన చిన్న సంఘము తలెత్తుకొని నిలుచుటకు. మూడు పంక్తుల ఉత్తరముతో చాటుగా లోనికి పిలుచుట, జీతము మాట మింగివేయుట, ఫిలిప్పీ అధికారుల పద్ధతియే.

కూలివాని కూలి ప్రొద్దు గుంకక మునుపే ఇయ్యవలెనని ధర్మశాస్త్రము ద్వితీయోపదేశకాండములో ఆజ్ఞాపించింది. అతడు బీదవాడు, దాని మీదనే ఆశ పెట్టుకొని ఉన్నాడని కారణము కూడ చెప్పింది. మన బడులలో ఎన్ని ప్రొద్దులు గుంకుచున్నవో కరస్పాండెంట్లు, కమిటీ పెద్దలు ఆలోచించవలెను.

బడి నడుపు పెద్దలారా, మీ కష్టము మాకు తెలియును. విచారణలోనివానికి భృతి, అతని స్థానములో వచ్చినవానికి జీతము, రెండును మోయుట చిన్న బడికి భారమే. దానికి మందు విచారణను త్వరగా ముగించుట. ఫిర్యాదు వచ్చిన రోజుననే సస్పెండు చేయక, ముందు బీరువా తెరచి చూడుడి. ఆరోపణ వ్రాతపూర్వకముగా ఇయ్యుడి. భృతి నెల నెల తప్పక ఇయ్యుడి. రెండు నెలలలో తేల్చుడి. తప్పుంటే నియమము ప్రకారము శిక్షించుడి. పిల్లల సొమ్ము తిన్నవానిని కాపాడుమని మేము అనము. తప్పు లేకపోతే, సస్పెన్షను సంగతి ఎంతమందికి తెలిసిందో విడుదల సంగతి కూడ అంతమందికి తెలియజేయుడి, జీతముతో సహా.

సంఘస్థులారా, మీకును ఒక మాట. విచారణ కాలములో ఆ ఇంటికి ఎవరు వెళ్ళారు? ఒక బస్తా బియ్యము ఎవరు పంపారు? ఆ బిడ్డ కాలేజీ ఫీజు సంగతి ఎవరు అడిగారు? నేరము తేలక ముందే మనము వేసిన శిక్షకు ఏ నియమము క్రింద బకాయి చెల్లించగలము?

ఆ రోజు గుడి మెట్ల మీద ఆ సహోదరి మేము చెప్పినట్లు దరఖాస్తు వ్రాయించుకొని, సంచిలో జాగ్రత్తగా పెట్టుకొన్నారు. వెళ్ళుచు, "డబ్బు సంగతి సరే అయ్యగారూ, మా ఆయనను మళ్ళా సండే స్కూలుకు ఎప్పుడు పిలుస్తరు?" అని అడిగారు. ఆ ప్రశ్నకు జవాబు ఏ చట్టములోను లేదు. ఆ ఊరి సంఘపెద్దలు ఇవ్వవలెను. వచ్చే ఆదివారమే ఇచ్చెదరని ఆశించుచున్నాము.